గట్టు మీద మాటలు

“మీ కథలో అబ్బాయీ అమ్మాయీ కష్టపడి కొండెక్కారు. బాగుంది. ఎక్కి ఏం చేశారమ్మా? సోఫాలో కూర్చున్నట్టు కూర్చుని, మాట్లాడుకుని, దిగిపోయారు” అన్నాడు దర్శకుడు.

రేడియో స్టేషన్లో ఆయన గదికి కిటికీ లేదు. బయటి చప్పుడు రాకుండా గోడలకు మందపాటి గుడ్డ అంటించి ఉంటుంది. రచయితలు చదువుతున్నంతసేపూ ఆయన కళ్ళు మూసుకునే వింటాడు. నచ్చని చోట ఒక కన్ను తెరుస్తాడు. ఆ పూట రచయిత్రి చదువుతుంటే రెండు కళ్ళూ తెరిచేశాడు.

“గాలి, పిట్టలు, అలలు... ఆ చప్పుళ్ళు నేను వేసుకుంటాను. అది నా పని. కానీ ఆ గాలి వాళ్ళ మాటల్లోకి రావాలి కదా! మీ కథలో కొండ తీసేసి బస్టాండు పెట్టండి. ఒక్క ముక్క మార్చక్కర్లేదు.”

“ప్రేమ ఎక్కడున్నా ప్రేమే కదా సార్?” అంది రచయిత్రి కాస్త చిన్నబుచ్చుకుని.

“ఏమో. నాకూ తెలీదు. మీరే కనుక్కుని చెప్పండి” అని ఆయన మళ్ళీ కళ్ళు మూసుకున్నాడు.

ఆమె వారం వారం ఒక ప్రేమకథ సీరియల్ రాస్తోంది. దానికోసం చెవి కోసుకునేవాళ్ళు ఊళ్ళో చాలామందే ఉన్నారు. ఆమె ప్రేమికులు సముద్రం ఒడ్డున కలుసుకుంటారు, తోటల్లో అలుగుతారు, వెన్నెల్లో రాజీపడతారు. ఆమె మాత్రం ఇదంతా వంటింటి బల్ల దగ్గర, కుక్కర్ కూతల మధ్య రాస్తుంది. సొంత ప్రేమకథలో అయితే ఆరుబయలు అన్నదే లేదు. ఆమె భర్త పెళ్ళి మాట ఎత్తింది ఒక ఆఫీసు వరండాలో, జిరాక్స్ మిషను పక్కన. “ఒకటి అడగాలి” అని అతను అనగానే మిషనులో కాగితం ఇరుక్కుంది. దాన్ని లాగుతూ లాగుతూ అడిగేశాడు. ఆమె సరేనంది. అంతే, అందులో కొండా లేదు, కోనా లేదు.

దర్శకుడన్న “ఏమో” ఆమెను పట్టుకుని వదల్లేదు. చోటు మారితే మాట నిజంగా మారుతుందా? మారితే ఎందుకు మారుతుంది? మర్నాటి నుంచి పని మానుకుని మరీ ఊరి మీద పడింది. పార్కులో బెంచీల మీద జంటలను చూసింది. రైలు వంతెన మీద నిలబడ్డవాళ్ళను చూసింది. బెంచీ మీద పక్కపక్కన కూర్చున్నవాళ్ళు ఫోన్లు చూసుకుంటుంటే, వంతెన మీద రెయిలింగు పట్టుకుని కిందికి చూస్తున్నవాళ్ళు ఆపకుండా మాట్లాడుకుంటున్నారు. ఇది ఎందుకో ఆమెకు అంతుపట్టలేదు.

అలా తిరుగుతూ ఒకరోజు పొద్దున్నే ఊరి చివర మంచినీళ్ళ రిజర్వాయర్ గట్టు మీదికి వెళ్ళింది. గట్టు పొడవునా నడిచే దారి ఉంది. ఒకవైపు నీళ్ళు, ఇంకోవైపు గడ్డి పెరిగిన వాలు. అక్కడ గాలి ఎప్పుడూ హోరుమంటూనే ఉంటుంది. రచయిత్రి వాలు మీది మెట్లెక్కుతుండగా పైనుంచి ఒక ఆడమనిషి కేక వినిపించింది.

“అదిగో! తేలింది! నేనే గెలిచా! చెప్పానా, కుడివైపే తేలుతుందని!”

ఆ వెంటనే పెద్ద నవ్వు. రచయిత్రి మెట్టు మీద కాలు మెట్టు మీదే ఉంచి ఆగిపోయింది. ఆ గొంతు వాళ్ళమ్మది.

అమ్మ సంగతి తెలిసినవాళ్ళెవరూ ఈ మాట నమ్మరు. ఆమె నోట్లో నాలుక లేని మనిషి. ఇంట్లో ముందుగదిలో గోడవైపు తిప్పి పెట్టిన కుట్టుమిషను ముందు కూర్చుని బడిపిల్లల యూనిఫాంలు కుడుతూ జీవితమంతా గడిపింది. ఏదైనా అడిగితే దారం కొరుకుతూ గోడకు చెప్పినట్టు చెబుతుంది. ఆ ఇంట్లో కూతురూ అల్లుడూ రోజూ ఎక్కువసార్లు అనే మాట “ఆఁ? ఏంటమ్మా?”, “ఆఁ? ఏంటత్తయ్యా?” అన్నదే. భర్త పోయాక ఆ కాస్త గొంతూ ఇంకా తగ్గింది. పొద్దున్నే “వీధి చివరిదాకా నడిచొస్తా” అని వెళుతుంది. వీధి చివర ఇంత దూరం ఉంటుందని కూతురికి ఆ రోజే తెలిసింది.

తల కొంచెం పైకెత్తి చూసింది. అమ్మ పక్కన ఒక పొడుగాటి మనిషి. చేతిలో నల్ల గొడుగు, ఎండా వానా లేకపోయినా. ఇద్దరూ నీళ్ళవైపు చూస్తున్నారు. ఒక నీటికాకి బుడుంగున మునిగింది.

“ఈసారి ఎడమవైపు. పందెం!” అన్నాడాయన గాలికి ఎదురుగా అరుస్తూ.

“మీరు అన్నారంటే అటు తేలదు!” అని అమ్మ కూడా అరిచింది.

పక్షి ఎక్కడో నడిమధ్య తేలింది. ఇద్దరూ ఓడిపోయి ఇద్దరూ నవ్వుకున్నారు. నడక సాగింది. రచయిత్రి వాలు మీద, వాళ్ళకు కనపడకుండా, గడ్డిలో వంగి వంగి వెంట నడిచింది. తను చేస్తున్నది తప్పని తెలుసు. కానీ కాళ్ళు ఆగలేదు.

తూము దగ్గర దారి ఇరుకవుతుంది. ఒక మనిషి మాత్రమే పట్టే చోటు అది. ఆయన ఆగి, అమ్మను ముందు నడవమన్నాడు. తను వెనక నడిచాడు. అప్పటిదాకా పక్షుల గురించీ మబ్బుల గురించీ అరిచిన మనిషి అమ్మ వీపు వైపు చూస్తూ గొంతు తగ్గించి అన్నాడు, గాలి ఆ మాటల్ని వాలు వైపే మోసుకొచ్చింది:

“మా ఆవిడ పోయిన దగ్గర్నుంచీ ఇంట్లో రేడియో ఆపలేదండీ. ఇంట్లో ఒక మనిషి గొంతు ఉంటుందని.”

అమ్మ వెనక్కి తిరగలేదు. నడక మాత్రం కొంచెం నెమ్మదించింది. దారి మళ్ళీ వెడల్పయ్యేదాకా అలాగే నెమ్మదిగా నడిచింది. వెడల్పయ్యాక ఆయన పక్కకు వచ్చాడు. ఇద్దరూ ఏమీ మాట్లాడుకోలేదు, నీళ్ళు చూశారు. ఇంట్లో అయితే అలాంటి మౌనం వస్తే ఎవరో ఒకరు లేచి వంటింట్లోకి పోవాలి. ఇక్కడ పోనక్కర్లేదు. చూడడానికి ఎదురుగా ఇన్ని నీళ్ళున్నాయి.

రైలు వంతెన మీది జంట గుర్తొచ్చింది రచయిత్రికి. మొహాలు చూసుకోకపోవడమే వాళ్ళ అదృష్టమా? ఆ రోజు వంటింటి బల్ల దగ్గర కూర్చుని రాసిన భాగంలో అబ్బాయి అమ్మాయికి ఎదురుగా నిలబడి ఒక్క ముక్క కూడా చెప్పలేదు. ఇరుకు దారిలో ఆమె వెనక నడుస్తూ చెప్పాడు.

దర్శకుడు వింటూ ఒక్క కన్నూ తెరవలేదు. అయిపోయాక కూడా కాసేపు మూసుకునే ఉండి, “ఎక్కడ పట్టారమ్మా దీన్ని?” అన్నాడు. ఆమె కాగితాలు సర్దుకుని లేచింది.

ఆ భాగం ప్రసారమైన సాయంత్రం అమ్మ మిషను దగ్గర కాలరు కుడుతోంది. రేడియో పక్కనే మోగుతోంది. నటుడు మెల్లగా “నువ్వు వెళ్ళిన దగ్గర్నుంచీ ఇంట్లో దీపం ఆర్పలేదు” అన్నాడు. మిషను ఆగింది. కూతురు గుమ్మం దగ్గర తేలు కుట్టిన దొంగలా నిలబడింది.

“దీపమా?” అంది అమ్మ గోడవైపే చూస్తూ. “రేడియోని దీపం చేశావా?”

“అమ్మా...”

“చాటుగా వినడం ఎప్పుడు నేర్చుకున్నావే? చిన్నప్పుడు కూడా ఈ బుద్ధి లేదే నీకు.”

“తప్పే. అనుకోకుండా చూశాను. తర్వాత ఆగలేకపోయాను. నువ్వు అలా నవ్వుతావని నాకు తెలీదు.”

అమ్మ కాలరు తిప్పి చూసుకుంది. కుట్టు వంకర పోయింది. “అడిగుంటే చెప్పేదాన్ని కదా” అంది. మళ్ళీ తనే కాసేపు ఆలోచించి, “లేదులే. ఇక్కడ అడిగుంటే చెప్పేదాన్ని కాదేమో” అంది.

ఆయన ఎవరని కూతురు అడిగింది. పేరు చెప్పడానికి అమ్మ ఇబ్బంది పడింది. గట్టు మీద తిరిగేవాళ్ళందరూ గొడుగాయన అంటారట. లిఫ్టులు బాగుచేసే మెకానిక్కుగా పనిచేసి మానేశాడు. ఉద్యోగమంతా చీకటి గుంతల్లో, ఇనుప తాళ్ళ మధ్య గడిచిందని, ఇప్పుడు ఆకాశం కనపడని చోట ఎక్కువసేపు కూర్చోలేడని చెప్పింది. మొదటిసారి గాలికి తన కొంగు మొహాన్ని కప్పేసి దారి కనపడకపోతే ఆయన గొడుగు అడ్డం పెట్టాడట. గొడుగు కాస్తా వెనక్కి విరుచుకుపోయింది. ఇద్దరూ నవ్వారు. అంతే మొదలు.

“ఒకసారి ఇంటికి పిలువమ్మా” అంది కూతురు. “రాసేదాన్ని కాబట్టి అడగట్లేదు. నీ కూతుర్ని కాబట్టి అడుగుతున్నా.”

అమ్మ వంకర కుట్టును విప్పడం మొదలుపెట్టింది. ఆఖరికి “పిలుస్తా. కానీ నాకెందుకో మంచిగా అనిపించట్లేదు” అంది.

ఆదివారం సాయంత్రం గొడుగాయన వచ్చాడు. ఇస్త్రీ బట్టలు, దువ్విన జుట్టు, చంకలో గొడుగు. ముందుగదిలో పెద్ద కుర్చీ చూపించారు. ఆయన దాని అంచు మీద, లేవడానికి సిద్ధంగా ఉన్నట్టు కూర్చున్నాడు. ఎదురుగా కుర్చీలో అల్లుడు. అల్లుడు మంచివాడే. కానీ బీమా కంపెనీలో క్లెయిములు పరిశీలించే ఉద్యోగం. ఎదురుగా మనిషి కూర్చుంటే ప్రశ్నలు వాటంతట అవే వస్తాయి.

“ఎన్నాళ్ళు చేశారు సార్ ఉద్యోగం?”

“చాలా ఏళ్ళండి.”

“ప్రమాదాలేమైనా జరిగాయా?”

“లేదండి.”

“ఆరోగ్యం?”

“బాగుందండి.”

“బీపీ, షుగరు?”

“ఏవండీ!” అంది రచయిత్రి. అల్లుడు నాలుక కరుచుకున్నాడు.

అమ్మ టీ తెచ్చింది. గొడుగాయన లేచి నిలబడ్డాడు. “కూర్చోండి” అంది ఆమె గోడకు చెప్పినట్టు. “ఆఁ?” అన్నాడాయన. ఆమెకేసి కొత్త మనిషిని చూసినట్టు చూశాడు. బహుశా ఆమె గొంతు అంత చిన్నదని ఆయనకూ ఆ రోజే తెలిసి ఉంటుంది. అమ్మ మళ్ళీ చెప్పకుండా వంటింట్లోకి వెళ్ళిపోయింది, రెండో ట్రే కోసం. రెండో ట్రే అంటూ ఏమీ లేదు. వంటింట్లో గిన్నెలు అటువి ఇటు, ఇటువి అటు సర్దుతున్న చప్పుడు వినిపిస్తూనే ఉంది. గొడుగాయన ఒక బిస్కెట్టు తీసుకున్నాడు. దాన్ని కొరికితే చప్పుడవుతుందని కాబోలు, చేతిలోనే పట్టుకుని కూర్చున్నాడు. ఎదురు గోడ మీద కూతురు ఏ వయసులో ఎంత పొడుగుందో పెన్సిలుతో గీసిన గీతలున్నాయి. ఆయన చూపు వాటి మీద కాసేపు నిలిచింది. తర్వాత లేచి, “వస్తానండి. మంచి టీ” అన్నాడు. కప్పు నిండుగానే ఉంది.

అల్లుడు తలుపు వేసి, “మనిషి మంచివాడే. కానీ ఉలుకూ పలుకూ లేదు. అత్తయ్యకు తగ్గవాడే దొరికాడు” అన్నాడు. వాళ్ళిద్దరూ గట్టు మీద ఎంత గోల చేస్తారో అతనికి తెలియదు మరి.

మర్నాడు పొద్దున్న అమ్మ నడకకు వెళ్ళలేదు. తర్వాతి రోజూ వెళ్ళలేదు. మిషను చప్పుడు మాత్రం తెల్లారకముందే మొదలయ్యేది. కూతురు అడిగితే “మోకాలు” అంది. ఏ మోకాలని అడిగితే కాసేపు ఆలోచించాల్సి వచ్చింది.

చివరికి కూతురే గట్టు మీదికి వెళ్ళింది. ఈసారి వాలు మీద దాక్కోలేదు, పైనే నడిచింది. గొడుగాయన ఒక్కడే నీటికాకిని చూస్తూ నిలబడి ఉన్నాడు. ఆమెను చూసి తడబడ్డాడు.

“మీ అమ్మగారికి కోపం వచ్చిందా తల్లీ?”

“మోకాలు నొప్పట.”

“ఏ మోకాలు?”

“ఇంకా తేల్చుకోలేదు.”

ఆయన నవ్వాడు. ఇద్దరూ నడవడం మొదలుపెట్టారు. విచిత్రం, నాలుగడుగులు వేశారో లేదో ముందుగదిలో నోరు పెగలని మనిషి గలగలా మాట్లాడటం మొదలుపెట్టాడు. “నా మాటలు రేడియోలో విన్నాను. ఆ నటుడు నాకంటే బాగా చెప్పాడు” అన్నాడు. రచయిత్రి సిగ్గుతో తల దించుకుంటే, “పర్లేదులే, దీపం కూడా బాగానే ఉంది. కరెంటు ఖర్చు ఎక్కువ, అంతే” అన్నాడు.

“మీ మీద కోపం లేదండీ” అంది ఆమె. “నాకే ఒక సందేహం. ఇక్కడ మీరిద్దరూ ఇలా ఉంటారు. ఇంట్లోకి రాగానే ఎవరో ఎవరికో అన్నట్టయిపోయారు. గాలి, నీళ్ళు, ఈ గట్టూ ఉన్నంతసేపే ఉండేదైతే... అది నిజమేనా?”

ఆయన గొడుగు ఈ చంకలోంచి ఆ చంకలోకి మార్చుకున్నాడు. తర్వాత లిఫ్టుల సంగతి ఎత్తుకున్నాడు. కరెంటు పోయి లిఫ్టు మధ్యలో ఆగిపోతే లోపల ఇరుక్కున్నవాళ్ళు మొదట గోల చేస్తారట. తర్వాత మాట్లాడుకుంటారట. ఏళ్ళ తరబడి ఒకే మేడలో ఉంటూ ముఖం తిప్పుకునేవాళ్ళు కూడా పిల్లల గురించి, జబ్బుల గురించి అన్నీ చెప్పేసుకుంటారట. “నేను పైన తాళ్ళు సరిచేస్తూ అన్నీ వినేవాణ్ణి. నువ్వొక్కదానివే కాదు తల్లీ చాటుగా వినేది. తలుపు తెరవగానే ఎవరి దారి వాళ్ళది. మర్నాడు ఎదురుపడితే సిగ్గు.”

“అయితే అదంతా ఉత్తదే అంటారా?”

“చాలామందికి అంతే. ఒకసారి మాత్రం ఒకాయన రెండ్రోజుల తర్వాత తనతో ఇరుక్కున్నావిడ ఇంటికి మెట్లెక్కి వెళ్ళాడు. ఆరో అంతస్తు. లిఫ్టు బాగానే ఉంది, నేనే బాగుచేశాను. ఎందుకు మెట్లెక్కాడో నాకు తెలీదు. తర్వాత ఏమైందో కూడా తెలీదు. ఎప్పుడైనా గుర్తొస్తే, తెలిస్తే బాగుండుననిపిస్తుంది.”

తూము దగ్గర ఆయన మామూలుగా ఆగి ఆమెను ముందు నడవమన్నాడు. వెనకనుంచి అన్నాడు: “మీ ఇంట్లో ఆ గోడ మీద గీతలు చూశాను. ఆ ఇల్లు నిండుగా ఉంది తల్లీ. నాకు చోటెక్కడుందో కనపడలేదు.”

ఇంటికొచ్చి కూతురు లిఫ్టుల సంగతితో సహా ఈ మాటలన్నీ ఉన్నదున్నట్టు అమ్మకు చెప్పింది. ఈసారి ఏదీ దీపంగా మార్చలేదు. అమ్మ మిషను ఆపి, కుర్చీ తిప్పి, మొదటిసారి గదికి ఎదురుగా కూర్చుంది.

“ఆయనకే కాదే, నాకూ కనపడలేదు. ఈ గదిలో నేను నీ అమ్మని. మీ నాన్న భార్యని. అల్లుడికి అత్తని. బట్టలకొచ్చేవాళ్ళకి మిషనామెని. ఆయన కోసం టీ పట్టుకొస్తే ఇందులో ఎవరిగా పట్టుకెళ్ళాలో తెలీలేదు. అక్కడ గట్టు మీద నేను ఎవర్నీ కాదు. అందుకే ఏదైనా అయ్యేదాన్ని.”

“అయితే ఇంటికి పిలిచి చెడగొట్టానన్నమాట.”

“నువ్వు చెడగొట్టలేదులే. నేనే ఆ రెండో ట్రే కోసం పోయి రాలేదు” అంది అమ్మ. అంతలోనే, “ఆ ఆరో అంతస్తు మనిషి మెట్లెందుకు ఎక్కాడంటావ్?” అంది.

“నువ్వు చెప్పు.”

“ఎక్కుతూ ఎక్కుతూ ధైర్యం తెచ్చుకుందామని అయ్యుంటుంది. లిఫ్టయితే క్షణంలో చేరిపోతాడు కదా, పాపం.”

తర్వాతి పొద్దున్న అమ్మ గట్టు మీదికి వెళ్ళింది. “నువ్వూ రా. కానీ దూరంగా ఉండు. పైనే నడువు, గడ్డిలో కాదు” అని కూతుర్నీ తీసుకెళ్ళింది. రచయిత్రి మాట మీద నిలబడి చాలా వెనక నడిచింది. కాబట్టి ఆమె చూసింది మాత్రమే చెప్పగలదు. తూము దగ్గరకు రాగానే గొడుగాయన అలవాటుగా పక్కకు ఒదిగాడు. అమ్మ ముందుకు వెళ్ళలేదు. ఆయన్నే ముందు నడవమని చెయ్యి చూపింది. ఆయన తికమకపడి ముందుకు నడిచాడు. అమ్మ వెనక నడిచింది. ఇరుకు దారి సగంలో ఏదో అంది. ఆయన ఒక్క క్షణం ఆగాడు, తిరగలేదు, మళ్ళీ నడిచాడు. దారి వెడల్పయ్యాక మాత్రం వెనక్కి తిరిగి చెవికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు. అమ్మ మళ్ళీ ఏదో అంది, ఈసారి గట్టిగా, రెండు చేతులూ ఊపుతూ.

తిరిగొచ్చేటప్పుడు కూతురు ఉండబట్టలేక అడిగింది. “ఏమన్నావమ్మా?”

“మిగతా రోజులు కలిసి ఉందామా అని అడిగా.”

“ఆయనేమన్నాడు?”

“గాలికి సరిగా వినపడలేదు, మళ్ళీ చెప్పండి అన్నాడు.” అమ్మ మొహం ఎర్రబడింది. “శుభ్రంగా విన్నాడే. రెండోసారి వినాలని.”

ఒప్పుకోవడం ఒక ఎత్తు, ఇంట్లో మసలడం ఇంకో ఎత్తు. ఆ కుర్చీలో మళ్ళీ కూర్చోవడం ఆయన వల్ల కాదు, ఆయన ఎదురుగా టీ పెట్టడం ఆమె వల్ల కాదు. అందుకని అమ్మే ఒక ఉపాయం ఆలోచించింది. ఇంటిని ఒక్కసారిగా కాకుండా కొంచెం కొంచెంగా అలవాటు చేసుకోవాలంది. మొదట ఆయన గేటుదాకా వచ్చేవాడు. గేటుకు అటూ ఇటూ నిలబడి మాట్లాడుకునేవాళ్ళు. తర్వాత మెట్ల మీద, వీధివైపు చూస్తూ పక్కపక్కన. వీధిలో నీటికాకులు లేకపోతేనేం, సైకిళ్ళున్నాయి. ఏ సైకిలు మలుపు తిరుగుతుందో, ఏది తిన్నగా పోతుందో పందెం కాసేవాళ్ళు. తర్వాత అల్లుడూ గొడుగాయనా కలిసి కుట్టుమిషను మోసుకొచ్చి వరండాలో పెట్టారు, వీధికి ఎదురుగా. అది బరువని అల్లుడికి అప్పుడే తెలిసింది. మోస్తూ మోస్తూ గొడుగాయన్ని ఏవేవో అడిగాడు. చేతుల్లో బరువు ఉండటం వల్లో ఏమో, ఆయన అన్నిటికీ ఇష్టంగా జవాబులు చెప్పాడు. “మన మామగారు బాగానే మాట్లాడతారే!” అన్నాడు అల్లుడు లోపలికొచ్చి, చెమట తుడుచుకుంటూ. తను ఏ మాట వాడాడో గమనించుకోలేదు. రచయిత్రి గమనించింది, గుర్తు చెయ్యలేదు.

వరండా నుంచి ముందుగదిలోకి మాత్రం చాలాకాలం అడుగు పడలేదు. “పడకపోతే మానె, తొందరేముంది” అనేది అమ్మ. వానాకాలం వచ్చింది. ఒక మధ్యాహ్నం వాన ఏటవాలుగా వరండాలోకే కొట్టింది. కుట్టాల్సిన బట్టలు తడుస్తున్నాయి. ఇద్దరూ చెరో చేతినిండా గుడ్డలు ఎత్తుకుని గదిలోకి పరిగెత్తారు. ఆ హడావుడిలో ఎవరు ఎక్కడ కూర్చోవాలో ఎవరికీ తట్టలేదు. కూతురు వంటింట్లోనే నిలబడిపోయింది. వినకూడదనుకుంటూనే వింది. కాసేపు వాన చప్పుడు తప్ప ఏమీ లేదు. తర్వాత ఆయన గొంతు:

“ఈ కిటికీ తలుపు తిరగేసి బిగించారేంటండీ? వాన లోపలికి తోలడానికే పెట్టినట్టుంది.”

“ముప్పై ఏళ్ళుగా అది అలాగే ఉంది. వానకి లేని బాధ మీకెందుకు?” అంది అమ్మ. “ఆఁ” అనాల్సిన అవసరమే రాలేదు, వీధిలోకి వినిపించింది.

“ఒక్క స్క్రూ డ్రైవర్ ఇస్తే పావుగంటలో తిప్పేస్తాను.”

“వద్దు. గాలి పోతుంది.”

“గాలి పోదు. వాన పోతుంది.”

“మీకు లిఫ్టులు తెలుసేమో, నాకు నా కిటికీ తెలుసు!”

వాళ్ళలా చాలాసేపు పోట్లాడుకున్నారు. వాన తగ్గింది కూడా. ఇద్దరూ గమనించలేదు. అల్లుడు పక్కగదిలోంచి కంగారుగా వచ్చి “ఏంటి గొడవ? వెళ్ళి సర్దిచెప్పనా?” అన్నాడు. రచయిత్రి అతని చెయ్యి పట్టుకుని ఆపింది. ఆమె మొహంలో నవ్వు చూసి అతనికేమీ అర్థం కాలేదు. కిటికీ సంగతి ఆ రోజు తేలలేదు, తర్వాత కూడా తేలలేదు. సగం తిప్పి సగం వదిలేశారు.

ఆ నెల చివర రిజిస్ట్రారు ఆఫీసులో సంతకాలు పెట్టారు. బయటికొచ్చాక అల్లుడు ఆటో పిలవబోయాడు. “వద్దు బాబూ, మేం నడిచి వస్తాం” అంది అమ్మ. సరే అందరూ నడిచే వెళదామన్నారు. పెద్దవాళ్ళిద్దరూ ముందు, చిన్నవాళ్ళిద్దరూ వెనక. వాన వెలిసిన రోడ్డు, గుంటల్లో నీళ్ళు. అమ్మ చేతులు తిప్పుతూ ఏదో చెబుతోంది, ఆయన తల అడ్డంగా ఊపుతున్నాడు.

“ఏం మాట్లాడుకుంటున్నారో?” అన్నాడు భర్త.

“తెలీదు.”

“నీకు తెలుసుకోవాలని లేదూ? నువ్వేంటి, ఇంత నెమ్మదిగా నడుస్తున్నావ్?”

“ఉంది. అందుకే నెమ్మదిగా నడుస్తున్నా” అంది రచయిత్రి.

అతను అది అర్థం చేసుకోవడానికి ప్రయత్నించి వదిలేశాడు. ముందువాళ్ళు మలుపు తిరిగి కనపడకుండా పోయారు. అతను ఒక నీళ్ళగుంటను దాటి, పక్కకు వచ్చి, రోడ్డువైపే చూస్తూ అన్నాడు:

“నీకెప్పుడూ చెప్పలేదు కదూ... నాకు చిన్నప్పుడు ఈత నేర్చుకోవాలని చాలా పిచ్చి ఉండేది.”

“లేదే. చెప్పలేదు” అంది ఆమె, అతని మొహంలోకి చూడకుండా. “చెప్పు.”